తాతయ్య టేకు కుర్చీకి వాటర్ బేస్డ్ పీయూ కొట్టాను

పీయూ అంటే పాలీయురేతేన్, చెక్క మీద కొట్టే పారదర్శక పూత. వైజాగ్ పూర్ణా మార్కెట్ దగ్గర లీటరు డబ్బా కొన్నాను. మాది ఎంవీపీ కాలనీ, సముద్రపు గాలి సంగతి తెలిసిందే, పోయిన వానాకాలంలో కొట్టిన ఎన్‌సీ లక్కర్ (థిన్నర్ కలిపి కొట్టే నైట్రోసెల్యులోజ్ పూత) ఆ తేమకి పాలు ఒలికినట్టు తెల్లగా మసకబారింది. ఇది అలా కాలేదు. వాసన తక్కువే, ఇంట్లో ఎవరూ తిట్టలేదు! కానీ మొదటి కోటు ఆరాక కుర్చీ చేతులు గరుకుగా తగిలేసరికి డబ్బులు పోయాయనుకుని టెన్షన్ పడ్డాను, తీరా చూస్తే నీటికి చెక్క నూగు లేచిందంతే, 320 నంబర్ ఎమరీ పేపర్‌తో మెల్లగా రుద్ది, దుమ్ము తుడిచి రెండో కోటు వేస్తే నున్నగా వచ్చింది. ఈ ముక్క షాపులో ఒక్కరూ చెప్పలేదు. పాత పాలిష్‌లా ఎర్రటి మెరుపు మాత్రం రాదు, కావాలంటే ముందే స్టెయిన్ (చెక్కకి పట్టించే రంగు) వేసుకోండి.