గడువు తీరిన మర్నాడు ప్లేస్టేషన్ ప్లస్: ఏది మిగిలింది, దేనికి తాళం పడింది

టీవీకి కలిపి ఆడే సోనీ గేమ్ యంత్రం (కన్సోల్) ప్లేస్టేషన్‌కు ఉన్న చందా సేవ ప్లేస్టేషన్ ప్లస్. దాని మీద వచ్చే సమీక్షలు చాలావరకు ఈ నెల ఏయే గేమ్‌లు ఇచ్చారు, అవి ఆడదగ్గవేనా అన్న దగ్గరే ఆగిపోతాయి. చందా నడుస్తున్నంత కాలం ఆ సేవకు వంక పెట్టడానికి పెద్దగా ఏమీ ఉండదు కనుక అందులో ఆశ్చర్యం లేదు. ప్లేస్టేషన్ 4 (పీఎస్ 4) కాలం నుంచి ఈ చందా కడుతూ, ఒకసారి బ్యాంకు కారణంగానూ, మరోసారి కావాలనీ దాన్ని ఆపి, తిరిగి చేరినవాడిని కాబట్టి నేను రాయదలచుకున్నది గడువు తీరాక జరిగేదాని గురించి. లైబ్రరీలో, అంటే మన ఖాతాకు చేరిన గేమ్‌ల జాబితాలో, పక్కపక్కన ఒకే వరుసలో కనిపించే గేమ్‌లన్నీ ఒకే హక్కుతో మన దగ్గర ఉండవు. ఏది ఏ దారిలో అక్కడికి చేరిందో, చందా పోయాక దాని గతి దాన్ని బట్టే ఉంటుంది.

మొదటిసారి ఆగిన సందర్భం మన దేశంలో చాలామందికి ఎదురైనదే. కార్డు నుంచి నెలనెలా దానంతట అదే జరిగే చెల్లింపులకు ఖాతాదారుడి అదనపు ధ్రువీకరణ ఉండాలన్న రిజర్వు బ్యాంకు నిబంధన 2021 అక్టోబరు 1న అమల్లోకి వచ్చింది. నా కార్డు ఇచ్చిన బ్యాంకు అప్పటికి ఆ ఏర్పాటు పూర్తి చేయలేదు. రెన్యూవల్ జరగలేదు, ఆ సంగతి నాకు బ్యాంకు సందేశం వల్ల కాక, కన్సోల్ తెర చూశాకే తెలిసింది. గేమ్ బొమ్మ ఎప్పటిలా ఉన్నచోటే ఉంది, పేరు పక్కన మాత్రం చిన్న తాళం గుర్తు చేరింది. నొక్కితే గేమ్ తెరుచుకోదు, సభ్యత్వం కావాలన్న మాట వస్తుంది. ఫైళ్లను కన్సోల్ తొలగించదు. తొలి పీఎస్ 5లో 825 జీబీ అని చెప్పినా వాడుకోవడానికి దొరికేది 667 జీబీ మాత్రమే కాబట్టి, ఆడలేని గేమ్ ఒకటి డెబ్బై ఎనభై జీబీలు ఆక్రమించి కూర్చుంటే చిరాకుగా ఉంటుంది. అయినా త్వరలో తిరిగి చేరే ఉద్దేశం ఉంటే దాన్ని తీసివేయకపోవడమే మేలు. చందా కట్టి, లైసెన్సులను పునరుద్ధరించే ఐచ్ఛికాన్ని సెట్టింగుల్లో ఒకసారి నొక్కితే, మళ్లీ డౌన్‌లోడ్ చేసే పని లేకుండా తాళాలు తొలగిపోతాయి.

2022లో సోనీ ఈ సేవను మూడు అంచెలుగా విడగొట్టింది. మన దేశంలో అవి ఎసెన్షియల్, ఎక్స్‌ట్రా, డీలక్స్. డౌన్‌లోడ్ చేయకుండా క్లౌడ్ (సోనీ సర్వర్లు) ద్వారా నేరుగా ఆడే సౌకర్యం ఇక్కడ లేనందువల్ల ఇతర దేశాల్లోని ప్రీమియం స్థానంలో మనకు డీలక్స్ వచ్చింది. అన్ని అంచెలకూ ఉన్న నెలవారీ గేమ్‌ల విషయంలో నియమం సూటిగానే ఉంది. చందా ఉన్న నెలలో లైబ్రరీకి చేర్చుకున్న గేమ్, డౌన్‌లోడ్ చేయకపోయినా, మన పేరున నమోదవుతుంది. చందా ఆగితే తాళం పడుతుంది, ఎన్నాళ్లకు తిరిగి చేరినా తెరుచుకుంటుంది. చందా లేని నెలల్లో వచ్చినవి మాత్రం తరువాత చేరినా దొరకవు. 2022 జూన్‌లో నెలవారీ గేమ్‌గా ఇచ్చిన ‘గాడ్ ఆఫ్ వార్’ నా లైబ్రరీలో ఇలాగే తాళం పడుతూ, తెరుచుకుంటూ ఉంది. ఈ పద్ధతిని నేను తప్పుపట్టను; అద్దె కట్టినంత కాలం ఇల్లు మనదే అన్నట్టు మొదటే చెప్పి చేస్తున్న వ్యవహారం ఇది.

అసలు చిక్కు ఎక్స్‌ట్రా, డీలక్స్ అంచెల కేటలాగ్‌తో వస్తుంది. వందల గేమ్‌లున్న ఈ జాబితా నెలనెలా మారుతూ ఉంటుంది. కొన్ని వచ్చి చేరితే కొన్ని వెళ్లిపోతాయి. వెళ్లిపోయినవాటిని, చందా ఉన్నా సరే, ఆడలేం. ఇతర కంపెనీల గేమ్‌లకే ఇది వర్తిస్తుందనుకుంటే పొరపాటు. సోనీ సొంత గేమ్ ‘హొరైజన్ జీరో డాన్’ కూడా 2024 మే నెలలో కేటలాగ్ నుంచి తప్పుకుంది. ఆ గేమ్ నాకు మాత్రం ఇప్పటికీ తాళం లేకుండానే ఉంది. కోవిడ్ కాలంలో సోనీ ‘ప్లే ఎట్ హోమ్’ పేరిట 2021 ఏప్రిల్, మే నెలల్లో దాన్ని చందాతో సంబంధం లేకుండా ఉచితంగా ఇచ్చింది. అప్పుడు చేర్చుకున్నవారికి అది శాశ్వతంగా మిగిలిపోయింది. అదే గేమ్‌ను కేటలాగ్ నుంచి దించుకుని సగం ఆడిన నా మిత్రుడికి 2024 మే తరువాత తాళమే మిగిలింది. ఇద్దరి తెరల మీదా ఉన్న బొమ్మ ఒక్కటే కావడం వల్ల అతనికి దీన్ని నమ్మించడానికి కొంత సమయం పట్టింది. వెళ్లిపోబోయే గేమ్‌లను ‘ఆడేందుకు చివరి అవకాశం’ అనే వరుసలో ముందుగానే చూపిస్తారు. ఎక్స్‌ట్రా తీసుకున్నవారు కొత్తగా వచ్చినవాటి కంటే ముందు ఆ వరుసను చూడడం అలవాటు చేసుకోవాలి, ఎందుకంటే అరవై గంటల గేమ్‌ను మూడు వారాల గడువులో మొదలుపెట్టడం వల్ల నిద్ర పాడవడం తప్ప ప్రయోజనం లేదు.

ఎక్స్‌ట్రా నుంచి ఎసెన్షియల్‌కు దిగినా కేటలాగ్ గేమ్‌లకు తాళం పడుతుంది, నెలవారీవి మిగులుతాయి. అంచె దిగడం ఉన్న గడువు పూర్తయ్యాకే అమలవుతుంది కాబట్టి ఆ నిర్ణయాన్ని ముందుగా నమోదు చేసుకున్నా నష్టం లేదు. పీఎస్ 5తో పాటు 2020 నవంబరులో వచ్చిన ‘ప్లేస్టేషన్ ప్లస్ కలెక్షన్’, అంటే పీఎస్ 5 ఉన్న చందాదారులకు ఇచ్చిన కొన్ని పీఎస్ 4 గేమ్‌ల సంపుటి, మరో రకం. దాన్ని 2023 మే 9న తీసేశారు గానీ, ఆలోగా చేర్చుకున్నవారికి చందా ఉన్నంత కాలం ఆ గేమ్‌లు పనిచేస్తాయి. అందులోని ‘బ్లడ్‌బోర్న్’ను నేను ఆ సమయంలోనే చేర్చుకుని ఉంచాను.

సభ్యులకు ఇచ్చే అదనపు తగ్గింపు ధరకు కొన్న గేమ్‌ల గురించి చాలామందికి అనవసరమైన భయం ఉంది. డబ్బు చెల్లించి కొన్నది చందాతో పాటు పోదు. సభ్యత్వం ఉండగా సగం ధరకు కొన్న గేమ్‌లు నాకు చందా లేని నెలల్లోనూ తాళం లేకుండా తెరుచుకున్నాయి. డిజిటల్‌గా కొన్నది కూడా నిజానికి లైసెన్సే తప్ప సొత్తు కాదన్న వాదన వేరే ఉంది. ఆ సంగతిని కొనేవారికి స్పష్టంగా చెప్పాలంటూ కాలిఫోర్నియాలో 2025 జనవరి 1 నుంచి ఒక చట్టం కూడా అమలవుతోంది. అయితే చందా గడువుకూ ఆ వాదనకూ ముడి పెట్టనక్కరలేదు.

అనుబంధ భాగాలు, అంటే డీఎల్‌సీల దగ్గర మాత్రం జేబుకు నిజంగా చిల్లు పడుతుంది. కేటలాగ్ గేమ్ నచ్చి, దాని తరువాతి కథను డబ్బు పెట్టి కొన్నామనుకుందాం. ఆ అనుబంధం శాశ్వతంగా మనదే, కాని మూల గేమ్ లేకుండా అది నడవదు. చందా ఆగినా, గేమ్ కేటలాగ్ నుంచి తప్పుకున్నా, మన సొంత డబ్బుతో కొన్న భాగం అద్దె గేమ్ తాళం వెనక చిక్కుకుపోతుంది. దాన్ని తెరవాలంటే మూల గేమ్‌ను పూర్తిగా కొనాలి. అందుకే కేటలాగ్ గేమ్‌కు డీఎల్‌సీ కొనాలనిపించినప్పుడు ముందుగా మూల గేమ్ తగ్గింపు ధర చూడడం నా పద్ధతి. పండుగ సేళ్లలో డీఎల్‌సీ కలిసిన పూర్తి ఎడిషన్, ఒక్క డీఎల్‌సీ కన్నా కొంచెమే ఎక్కువ ధరకు దొరకడం నేను చూశాను.

గేమ్ కన్నా విలువైనది సేవ్ డేటా, అంటే ఆట ఎంతవరకు ఆడామో దాచి ఉంచే ఫైళ్లు. ఈ విషయంలో ప్లేస్టేషన్ పద్ధతి నాకు నచ్చలేదు. క్లౌడ్‌లో సేవ్‌లు దాచుకోవడం చందాదారులకు మాత్రమే ఉన్న సౌకర్యం. గడువు తీరితే కన్సోల్‌లోని సేవ్‌లకు ఏమీ కాదు, కాని క్లౌడ్‌లోకి పంపడమూ అక్కడి నుంచి దించుకోవడమూ ఆగిపోతాయి. పీఎస్ 4 గేమ్‌ల సేవ్‌లనైతే యూఎస్‌బీ డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు. పీఎస్ 5 గేమ్‌ల సేవ్‌లను అలా విడిగా కాపీ చేసుకునే వెసులుబాటు ఇవ్వలేదు. కాబట్టి చందా లేని కాలంలో కన్సోల్ చెడిపోతే, లేదా సేవ్‌లను కొత్తదానికి మార్చుకోకుండా దాన్ని అమ్మేస్తే, నెలల తరబడి ఆడిన ఆట పోయే ప్రమాదం ఉంది. మైక్రోసాఫ్ట్ కన్సోల్ ఎక్స్‌బాక్స్‌లో క్లౌడ్ సేవ్‌లు చందాతో నిమిత్తం లేకుండా అందరికీ ఉచితం. మరో కన్సోల్ కంపెనీ నింటెండో చందా తీరాక 180 రోజులపాటు క్లౌడ్ సేవ్‌లను ఉంచుతుంది. ఈ రెండింటి పక్కన పెట్టి చూస్తే పీఎస్ 5లో సేవ్‌లను విడిగా యూఎస్‌బీలోకి తీసుకునే దారి మూసివేయడానికి సమంజసమైన కారణం నాకు కనిపించదు. గడువు ముగిసేలోగా క్లౌడ్‌లో మాత్రమే ఉన్న సేవ్‌లను కన్సోల్‌లోకి దించుకోవడం తప్పనిసరి.

ఆ సేవ్‌లు తరువాత పనికొస్తాయా అన్నదానికీ ఒక మెలిక ఉంది. కేటలాగ్‌లో ఆడిన గేమ్‌ను తరువాత అదే స్టోర్‌లో కొంటే ఆట ఆగినచోటి నుంచే మొదలవుతుంది. పాత డిస్కు కొంటే సాధారణంగా పనిచేస్తుంది, కాని అది వేరే ప్రాంతపు ఎడిషన్ అయినప్పుడు ఒక్కోసారి సేవ్‌ను గుర్తించదు. పీఎస్ 4 రూపంలో ఆడి పీఎస్ 5 రూపం కొన్నా అంతే. సేవ్‌ను మార్చుకునే ఏర్పాటు ఆ గేమ్‌లోనే ఉండాలి. ఆటలో సాధించినవాటికి గుర్తుగా వచ్చే ట్రోఫీలు మాత్రం ఏ పరిస్థితిలోనూ పోవు.

ఆన్‌లైన్ ఆట సంగతి క్లుప్తంగా చెప్పవచ్చు. ‘ఫోర్ట్‌నైట్’, ‘వార్‌జోన్’ వంటి ఉచిత గేమ్‌లు చందా లేకపోయినా నడుస్తాయి. పూర్తి ధర పెట్టి కొన్న ఫుట్‌బాల్ గేమ్‌లో మిత్రులతో ఆన్‌లైన్ మ్యాచ్ ఆడాలంటే మాత్రం చందా ఉండాల్సిందే. అన్న ఖాతా చందాను కన్సోల్ షేరింగ్ ద్వారా తమ్ముడు వాడుకుంటున్న ఇళ్లలో, అన్న చందా ఆగిన రోజే తమ్ముడి తెర మీదా తాళాలు పడతాయి.

అన్ని సేవలూ ఇలా ఉండవు. చందాదారులకు నెలనెలా గేమ్‌లిచ్చిన ఎక్స్‌బాక్స్ పాత పథకం ‘గేమ్స్ విత్ గోల్డ్’లో తీసుకున్న ఎక్స్‌బాక్స్ 360 గేమ్‌లు చందా పోయినా నిలిచి ఉంటాయి, దాని తరువాతి కన్సోల్ ఎక్స్‌బాక్స్ వన్ గేమ్‌లకు ఆ భాగ్యం లేదు. ఎక్స్‌బాక్స్ చందా సేవ గేమ్ పాస్ కేటలాగ్‌ది ప్లేస్టేషన్ ఎక్స్‌ట్రా దారే. పీసీలో ఆడేవారికి అమెజాన్ ప్రైమ్ ద్వారా వచ్చిన కోడ్‌ను జీఓజీ వంటి స్టోర్‌లో నమోదు చేసుకుంటే, తరువాత ప్రైమ్ మానేసినా ఆ గేమ్ పోదు.

ధరల విషయానికి వస్తే, 2022లో మన దేశంలో ఏడాదికి ఎసెన్షియల్ రూ.2,999, ఎక్స్‌ట్రా రూ.4,999గా మొదలయ్యాయి. 2023 సెప్టెంబరులో ఏడాది చందాలు ప్రపంచమంతటా పెరిగాయి. అమెరికాలో ఉన్న మనవాళ్లకు ఎసెన్షియల్ 59.99 డాలర్ల నుంచి 79.99 డాలర్లకు చేరింది. ఏడాదికి పది పన్నెండు కొత్త గేమ్‌లు రుచి చూసి వదిలేసేవారికి ఎక్స్‌ట్రా ఇప్పటికీ గిట్టుబాటే. ఒకే గేమ్‌ను ఏడాది పొడవునా నెమ్మదిగా ఆడే నా వంటివారికి కాదు. అందుకే నెలవారీ గేమ్‌లూ క్లౌడ్ సేవ్‌లూ నిలిచేటట్టు ఎసెన్షియల్ మాత్రం నడుపుతున్నాను. ఎక్స్‌ట్రాను సంక్రాంతి, వేసవి సెలవుల్లో ఒక్కో నెల తీసుకుంటాను. మళ్లీ ఆడతాననిపించిన గేమ్‌ను సెకండ్ హ్యాండ్ డిస్కుగా వెతికి కొంటాను. విసుగు పుట్టాక దాన్ని తిరిగి అమ్ముకోవచ్చు.