పట్టుబడిన ట్రాక్టరు: సొమ్ము కట్టి తెచ్చుకోవడం మేలా, కోర్టుకు వెళ్లడం మేలా?

వానాకాలంలో ఒక పోలీసు స్టేషను ఆవరణలో చూశాను, ఇసుక తోలుతూ పట్టుబడిన ఆ ట్రాక్టరును. ట్రాలీలో సగం ఇసుక అలాగే ఉంది, దాని మీద గడ్డి మొలిచింది. వెనక చక్రం ఒకటి గాలి దిగి బురదకు అతుక్కుపోయింది. బ్యాటరీ ఉండాల్సిన చోట రెండు తీగలు వేలాడుతున్నాయి.

దాని యజమాని వంశధార ఒడ్డున ఉన్న ఊరి రైతు. నా దగ్గరకు వచ్చేసరికే మూడు వారాలు గడిచాయి. ఆర్సీ, ఇన్సూరెన్సు కాగితాలు పాలిథిన్ కవరులో చుట్టి తెచ్చారు. "బాబూ, సొమ్ము కట్టేస్తే బండి ఇచ్చేస్తారన్నారు. అప్పు చేసి కట్టాను. ఇప్పుడేమో కోర్టు ఆర్డరు తెమ్మంటున్నారు" అన్నారు. శ్రీకాకుళంలో వకీలుగా ఈ మాట ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. విన్న ప్రతిసారీ బాధగానే ఉంటుంది. ఎందుకంటే ఆయన కట్టిన సొమ్ము తప్పు కాదు, కట్టిన వరుస తప్పు.

బండి విడిపించుకోవడానికి ముఖ్యంగా రెండు దారులున్నాయి. ఒకటి గనుల శాఖతో రాజీ. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టంలో 23ఎ సెక్షను దీనికి వీలు కల్పిస్తుంది. మన దగ్గర అందరూ కాంపౌండింగ్ అనే అంటారు. అధికారి నిర్ణయించిన సొమ్ము కడితే ఆ చట్టం కింద కేసు అక్కడితో ముగుస్తుంది. రెండోది కోర్టులో మధ్యంతర కస్టడీ పిటిషను, అంటే కేసు తేలేలోపు బండిని మనకే అప్పగించమని అడగడం. ఇదివరకు దీన్ని సీఆర్‌పీసీ, అంటే పాత నేర విచారణ చట్టం 451, 457 సెక్షన్ల కింద వేసేవాళ్లం. 2024 జూలై 1 నుంచి దాని స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత అమల్లోకి వచ్చాక అవే 497, 503 అయ్యాయి.

పైకి చూస్తే మొదటి దారే సులువు. వాయిదాలు లేవు, జామీనుదారుల కోసం తిరగనక్కర్లేదు. బండిని గనుల శాఖ పట్టుకుని, పోలీసు కేసు లేకుండా, కోర్టుకు ఇంకా తెలియజేయకుండా ఉంటే నేను కూడా ఆ దారే చెబుతాను. అయితే ఇసుక నిజంగానే పర్మిటు లేకుండా తెచ్చినదైతేనే. కట్టే ముందు ఒక్క పని చేయాలి: ఈ సొమ్ము దేనికి, కడితే బండి ఎవరు వదులుతారు అన్నది కాగితం మీద రాయించుకోవాలి. నోటిమాట మీద చలానా కట్టవద్దు.

పోలీసులు దొంగతనం కేసు పెట్టారంటే లెక్క మారిపోతుంది. నదిలో ఇసుక ప్రభుత్వ ఆస్తి కాబట్టి, అనుమతి లేకుండా తీస్తే గనుల చట్టంతో పాటు దొంగతనం కేసు కూడా నిలుస్తుందని సుప్రీంకోర్టు 2014లో, ఢిల్లీకి చెందిన సంజయ్ కేసులో చెప్పింది. 2020 డిసెంబరులో, మధ్యప్రదేశ్ నుంచి వచ్చిన జయంత్ కేసులో ఇంకో అడుగు ముందుకు వేసింది: గనుల శాఖతో రాజీ పడితే ఆ చట్టం కింద కేసు పోతుంది గానీ, దొంగతనం కేసు పోదు. బండి ఆ కేసులో సాక్ష్యంగా కోర్టు లెక్కలోకి ఎక్కిందంటే గనుల అధికారి వదలమన్నా స్టేషనులో వదలలేరు. మా రైతుకు జరిగింది సరిగ్గా ఇదే.

అందుకే ఎఫ్‌ఐఆర్ ఉంటే ముందు కోర్టు అంటాను. వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఎండకూ వానకూ వదిలేయడం ఎవరికీ ఉపయోగం లేదని, తగిన పూచీకత్తు తీసుకుని వెంటనే అప్పగించాలని సుప్రీంకోర్టు 2002లోనే సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో చెప్పింది. కొత్త సంహిత గడువు కూడా పెట్టింది: వస్తువు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో దాని వివరాలు రాసి, ఫొటోలో వీడియోలో తీయించాలి, ఆ తర్వాత 30 రోజుల్లో ఏం చేయాలో తేల్చాలి. సాధారణంగా సొంత పూచీకత్తు, ఇద్దరు జామీనుదారులు అడుగుతారు. అమ్మకూడదు, రూపం మార్చకూడదు, పిలిచినప్పుడు తేవాలి. పూచీకత్తు అంటే ఖర్చయిపోయే డబ్బు కాదు. కాంపౌండింగ్ సొమ్ము తిరిగి రాదు.

కోర్టు దారిలోనూ కష్టం ఉంది, దాచను. బండి చేతికొస్తుంది గానీ కేసు నడుస్తూనే ఉంటుంది. నేరం రుజువైతే గనుల చట్టం 21(4ఎ) సెక్షను కింద బండిని జప్తు చేయవచ్చు. అయితే ఆ అధికారం కోర్టుకే ఉందని గుర్తుంచుకోవాలి. పిటిషను ఏ కోర్టులో వేయాలన్నది కూడా ముందే తేల్చుకోవాలి. గనుల నేరాలకు ప్రత్యేక కోర్టు ఉన్నచోట మేజిస్ట్రేటు కోర్టులో వేస్తే నెల వృథా.

ఇంకో మాట. 23ఎ రాజీని కేసు వేయక ముందైనా, వేశాకైనా చేసుకోవచ్చు. కోర్టులో బండి విడిపించుకున్నంత మాత్రాన ఆ తలుపు మూసుకుపోదు. ముందు సొమ్ము కడితే మాత్రం తప్పు ఒప్పుకున్నట్టే చూస్తారు. ఇసుక బిల్లు చేతిలో ఉండి, తేదీ తేడాతోనో అంకె తప్పుతోనో పట్టుబడినవారు తొందరపడి కట్టడం నాకు అస్సలు నచ్చదు.

కేసు కట్టకుండా, కోర్టుకు చెప్పకుండా బండిని ఊరికే ఆపి ఉంచితే అధికారులను ఆదేశించమని హైకోర్టులో రిట్ పిటిషను వేయవచ్చు. కానీ శ్రీకాకుళం నుంచి అమరావతి దూరం, ఖర్చు. అది చివరి మెట్టు. టెక్కలి వైపు గ్రానైటు లారీల వారికి మాత్రం ఒక హెచ్చరిక: రాయి కొలతను బట్టే సొమ్ము లెక్కిస్తారు. మధ్యవర్తుల నివేదికలో, అంటే బండిని పట్టుకున్నప్పుడు సాక్షుల ఎదుట రాసే కాగితంలో, కొలత సరిగా రాశారో లేదో సంతకానికి ముందే చూసుకోండి.

మా రైతు పిటిషనుకు ఆర్సీ, ఇన్సూరెన్సు, ఎఫ్‌ఐఆర్ నకలు, మధ్యవర్తుల నివేదిక, ఆయన కట్టిన చలానా అన్నీ జతచేశాం. ఆర్డరు వచ్చిన రోజు ఆయన కొడుకు కొత్త బ్యాటరీ భుజాన వేసుకుని స్టేషనుకు వచ్చాడు. చక్రానికి గాలి పట్టించడానికే గంట పట్టింది.