టార్చిలైటా, చార్టా, స్లిట్ ల్యాంపా, స్కానా: శుక్లాన్ని కొలవడానికి ఏది మేలు?

మా ఇంట్లో ఒకే ఏడాది ఇద్దరికి కంట్లో శుక్లాలు బయటపడ్డాయి, అంటే కంటి లోపలి లెన్స్ మసకబారింది. మామయ్య గుంటూరు మిర్చియార్డులో ఒక కమీషన్ కొట్టులో గుమాస్తా. అమ్మకు ఉబ్బసం, ఏళ్ల తరబడి స్టెరాయిడ్ మాత్రలు మింగింది. ఇద్దర్నీ వెంటబెట్టుకుని గుంటూరు, విజయవాడ మధ్య తిరిగితే ఒక్కోచోట ఒక్కో పద్ధతిలో కొలిచారు, ఒక్కో మాట చెప్పారు. ఎవరూ అబద్ధం చెప్పలేదు. ఎవరు కొలిచింది వాళ్లు చెప్పారు, అంతే.

మొదట మా కాలనీలో పెట్టిన క్యాంపుకి వెళ్లాం. అక్కడ చేతిలో టార్చిలైటు తప్ప ఏమీ లేదు. అమ్మ కంట్లోకి రెండు సెకన్లు కొట్టి, ‘ఇంకా ముదరలేదమ్మా, ఆరు నెలలు ఆగి రండి’ అని పంపేశారు. ఆ మాట పట్టుకుని మేం నిజంగానే ఆరు నెలలు ఆగాం. అది మా పొరపాటు.

టార్చితో తెలిసేది ఏమిటంటే, వెలుతురు పక్కనుంచి వేసినప్పుడు కంటిపాప చుట్టూ ఉండే రంగు పొర నీడ లెన్స్ మీద నెలవంకలా పడుతుందా లేదా అన్నది. నీడ పడితే పైన ఇంకా తేట భాగం మిగిలి ఉన్నట్టు, అంటే పచ్చిది. పడకుండా లోపలంతా తెల్లగా కనిపిస్తే పండింది. నీడతో ఇంతకు మించి మెట్లు తెలియవు. మన ఆసుపత్రుల చీటీల మీద ‘ఎస్‌ఐఎంసి’ అని రాస్తారే, అది ఈ లెక్కలో ‘పచ్చిది’ అనడమే. ముదిరేదాకా ఆగాలన్నది కూడా పాతకాలపు మాట. లెన్స్ మొత్తం తీసేసి సోడాబుడ్డి కళ్లద్దాలు ఇచ్చే రోజుల్లో అలా ఆగడంలో అర్థం ఉంది, ఇప్పుడు లేదు. అలాగని టార్చిని తీసిపారేయకూడదు. దాన్ని ఈ కంటి నుంచి ఆ కంటికి మార్చి మార్చి వేస్తే వెనక నరం బాగుందో లేదో తెలుస్తుంది. శుక్లం తీసినా చూపు రాని కేసులు కొన్ని అక్కడే పట్టుబడతాయి.

చార్టు సంగతికి వస్తే, ఆరు మీటర్ల దూరంలో కూర్చోబెట్టి అక్షరాలు చదివిస్తారు. మామయ్యకు 6/18 వచ్చింది. మామూలు కంటికి 18 మీటర్ల నుంచి కనిపించే అక్షరాన్ని ఆయన ఆరు మీటర్లకు వస్తేగానీ చదవలేకపోతున్నాడన్నమాట. సన్నని రంధ్రం ఉన్న బిళ్ల అడ్డం పెట్టి మళ్లీ చదివించారు. లోపం కళ్లజోడుదైతే ఆ రంధ్రంలోంచి చూపు బాగా తేలుతుంది. మామయ్యకు పెద్దగా తేలలేదు. అమ్మకు 6/9. ‘ఇంత బాగా చదువుతున్నారు, ఆపరేషన్ దేనికి?’ అన్నాడు చదివించిన కుర్రాడు. అమ్మేమో మిట్టమధ్యాహ్నం లక్ష్మీపురం మెయిన్ రోడ్డు దాటలేక నా చెయ్యి పట్టుకునేది.

ఈ చిక్కు విప్పింది స్లిట్ ల్యాంపే. గడ్డం ఆనించి కూర్చోబెట్టి, సన్నని వెలుతురు గీతతో కంటిని పొరపొరగా చూసే యంత్రం. దీన్ని 1911లో స్వీడన్ వైద్యుడు గుల్‌స్ట్రాండ్ ముందుకు తెచ్చాడు. చూసే ముందు చుక్కల మందు వేసి కంటిపాపను పెద్దది చేస్తారు, అరగంట పడుతుంది. ఆ పూట బండి నడపడం కుదరదు. పాపను పెద్దది చేయకుండా ఇచ్చిన గ్రేడును నేనైతే సగమే నమ్ముతాను, ఎందుకంటే లెన్స్ అంచులు అసలు కనిపించవు.

గ్రేడు ఇవ్వడానికి వాడే పద్ధతుల్లో బాగా పేరున్నది లాక్స్-3. అమెరికాలో లియో చైలాక్ బృందం 1993లో దాన్ని ప్రకటించింది. మామయ్యకు ఒక్క మాటలో అర్థమైంది: ‘మా యార్డులో శాంపిల్ పక్కన పెట్టి కాయ చూసినట్టేరా!’ అచ్చం అదే. నమూనా ఫొటోలు ఉంటాయి. డాక్టరు తాను చూసే కంటిని వాటి పక్కన పెట్టి పోల్చుకోవాలి. లెన్స్ నడిమి గింజ ఎంత మసకబారింది, ఎంత పసుపు, గోధుమ రంగుకు తిరిగింది అన్నవాటికి ఆరేసి మెట్లు. పక్కల నుంచి చువ్వల్లా వచ్చే తెలుపుకు అయిదు, వెనక పొర మీద కట్టే మచ్చకు అయిదు. రెండు మెట్ల మధ్య ఉంటే దశాంశాల్లో రాస్తారు. మామయ్య గింజ రంగు 4 దగ్గర ఉంది. అమ్మకు గింజ దాదాపు తేటగానే ఉంది, వెనక మచ్చ మాత్రం 2.

అంకెలు చూస్తే మామయ్యది ముదురు, అమ్మది లేత. ఇబ్బంది మాత్రం అమ్మకే ఎక్కువ. వెనక మచ్చ సరిగ్గా నడిమధ్యన కూర్చుంటుంది. ఎండలో పాప చిన్నదైపోయాక వెలుతురంతా ఆ మచ్చలోంచే రావాలి. చార్టు చదివించే గది చీకటిగా ఉంటుంది, పాప పెద్దదై మచ్చ పక్కనుంచి వెలుతురు దూరుతుంది, అందుకే 6/9 వచ్చింది. కళ్లలోకి లైటు వేసి మళ్లీ చదివిస్తే అమ్మ మూడు వరసలు వెనక్కి పోయింది. ఎక్కడైనా చార్టు బాగా చదివి, రోడ్డు మీద ఇబ్బంది పడుతున్నవాళ్లుంటే ఈ పరీక్ష అడిగి చేయించుకోండి.

మామయ్యకు జరిగింది వేరు. గింజ గట్టిపడితే దగ్గర చూపు కొన్నాళ్లు మెరుగైనట్టు అనిపిస్తుంది. ‘జోడు లేకుండా పేపరు చదువుతున్నా’ అని ఆయన గొప్పలు పోయింది అందుకే. గోధుమ రంగు లెన్స్ మాత్రం నీలం వెలుతురును మింగేస్తుంది, తెలుపు పసుపుగా కనిపిస్తుంది. ఆయన రంగు పోయి తెల్లబడిన తాలు కాయను మంచి కాయల్లో వదిలేస్తుంటే కుర్రాళ్లు ఏరి చూపించేవారట. ఆ సంగతి ఆపరేషన్ అయ్యాకే చెప్పాడు.

స్లిట్ ల్యాంప్‌కూ లోపముంది. చూసేది మనిషి. ఒకరు మూడంటే మరొకరు మూడున్నర అనొచ్చు. రద్దీ ఓపీలో ఫొటోలు ముందు పెట్టుకునే తీరిక ఎవరికీ ఉండదు, గుర్తు మీదే ‘ఎన్‌ఎస్ 2’ (గింజ గట్టిపడటం, రెండో మెట్టు) అని రాసేస్తారు.

స్కాన్ గురించి రెండు మాటలు చాలు. లెన్స్ మసకను ఫొటో తీసి అంకె వేసే యంత్రాలున్నాయి. మనిషిని బట్టి మారవు, గింజను బాగా కొలుస్తాయి, పక్క చువ్వలు, వెనక మచ్చ దగ్గర తడబడతాయి. అందరికీ అవసరం లేదు. ఇంకో మాట, యంత్రంలో ఒక రోడ్డు, దాని చివర బెలూన్ ఉన్న బొమ్మ చూపించే ‘కంప్యూటర్ టెస్ట్’ ఇది కాదు. అది కళ్లజోడు పవర్ చెబుతుంది, శుక్లం గ్రేడు చెప్పదు. లెన్స్ బాగా ముదిరి వెనక రెటీనా కనిపించకపోతే అల్ట్రాసౌండ్‌తో చేసే బి-స్కాన్ మళ్లీ వేరు.

నన్నడిగితే స్లిట్ ల్యాంపే మేలు, అయితే ఒక్క ప్రశ్నకే. ఆపరేషన్ ఎలా చేయాలో అది చెబుతుంది. గింజ 2, 3 దగ్గరుంటే ఫేకో, అంటే అల్ట్రాసౌండ్‌తో గింజను నలగ్గొట్టి పీల్చేసే పద్ధతి, సులువు. 5 దాటితే అల్ట్రాసౌండ్ ఎక్కువ వాడాలి, కంటి ముందుండే పారదర్శక పొర కార్నియాకు దెబ్బ, అందుకే చాలామంది సర్జన్లు చిన్న కోత పెట్టి చేత్తో తీసే పద్ధతికి వెళ్తారు. ఎప్పుడు చేయించుకోవాలన్నది మాత్రం గ్రేడు చెప్పదు. దానికి చార్టు, లైటు పరీక్ష, మనిషి చేసే పని చూడాలి. చీటీ మీద అంకె ఒక్కటే ఉంటే, ‘ఏ రకం శుక్లమండీ?’ అని అడిగి రాయించుకోండి.

చివరికి గ్రేడు తక్కువున్న అమ్మకే ముందు చేయించాం. మామయ్య సీజన్ వదిలి రానన్నాడు. యార్డుకు వేసవి సెలవులిచ్చాక కుడికన్ను చేయించుకున్నాడు. పట్టీ తీసిన వారానికి ఒక తాలు కాయ గుప్పిట్లో పట్టుకుని మా ఇంటికొచ్చాడు. ఒక కన్ను మూసి చూసి, రెండోది మూసి చూసి, ‘ఒరేయ్, ఇది తెల్లగా ఉంది కదరా’ అన్నాడు.