దుప్పటి పడుగుకు 20 నంబరు ఒంటిపోగా, 2/40 జంటపోగా?

ఎమ్మిగనూరులో కొత్తగా మగ్గం గుంటలోకి దిగుతున్న యువకులు నన్ను తరచుగా అడిగే ప్రశ్న ఇది. 1938లో మాచాని సోమప్ప గారు చేనేత సహకార సంఘాన్ని నెలకొల్పిన ఊరిలో, దుప్పట్లూ తువ్వాళ్లూ నేసేచోట, ఈ ప్రశ్న రావడం సహజమే.

పడుగు అంటే మగ్గం మీద నిలువుగా సాగే పోగులు, పేక అంటే అడ్డపోగులు. నూలు నంబరు పెరిగేకొద్దీ పోగు సన్నబడుతుంది. 2/40 అంటే 40 నంబరు పోగులు రెండు కలిపి పేనిన జంటపోగు. లావులో రెండింటికీ భేదం లేదనే చెప్పాలి. 20 నంబరు నూలు పౌనుకు 16,800 గజాలు వస్తుంది. 40 నంబరు పోగులు రెండు కలిపి పేనినా నిడివి దాదాపు అంతే. సన్ననూలు వడకడానికీ, దానిని మళ్లీ పేనడానికీ రెండు ఖర్చులు కనుక జంటపోగు ధర ఎక్కువ, అందుకే చాలామంది ఒంటిపోగు వైపు మొగ్గుతారు.

నా మట్టుకు తేల్చవలసింది ధర కాదు, పురి, అంటే పోగుకు వేసిన మెలి. చిలప (నూలు చుట్ట) నుంచి మూరెడు ఒంటిపోగు తీసి, రెండు కొనలూ పట్టుకొని చేతులు దగ్గరకు తెస్తే, అది నడుమ మెలికపడి తనను తానే చుట్టుకుంటుంది. జంటపోగు మాత్రం నెమ్మదిగా వేలాడుతుంది. విడిపోగుల పురికి ఎదురుదిక్కున పేనడం వల్ల ఒకదాని లాగుడు మరొకదానికి సరిపోతుంది. పైగా ఒక పోగు సన్నబడిన చోట రెండవది ఆసరాగా నిలుస్తుంది. అచ్చుపళ్ల (పడుగుపోగులు దూరివచ్చే దువ్వెనలాంటి చట్రం పళ్ల) మధ్య పొద్దస్తమానం రాపిడి పడే పడుగుకు కావలసింది ఇదే.

ఒంటిపోగు పడుగుకు గంజి బాగా పట్టించక తప్పదు. మన కర్నూలు వేసవిలో గాలి పొడిబారుతుంది. నూలుకు తేమ ఉన్నప్పుడే బలం, ఆరిపోతే గంజిపట్టిన పోగు పెళుసెక్కుతుంది. కిందటి మే నెలలో నేను వేసిన ఒంటిపోగు పడుగు మధ్యాహ్నమైతే చాలు, పుటుక్కున తెగేది. నాడె (పేకపోగును అటూ ఇటూ తీసుకుపోయే పనిముట్టు) ఆడించడం కన్నా తెగిన పోగులు ముడివేయడానికే ఎక్కువ పొద్దు పోయింది. తర్వాతి పడుగు 2/40తో వేశాను. పలుచని గంజితోనే మగ్గం సాఫీగా నడిచింది, చిలపల మీద పెట్టిన అదనపు సొమ్ము కలిసివచ్చిన కూలిలోనే తీరిపోయింది.

పేకకు మాత్రం, ముఖ్యంగా తువ్వాళ్లలో, ఒంటిపోగే మేలు. పురి తక్కువైన పోగు మెత్తగా ఉండి నీటిని త్వరగా పీలుస్తుంది. మూడుపేటల నూలు జంపఖానాలకు సరి, దుప్పటికి బరువు. పాలిస్టర్ కలిసిన నూలు అంత తేలిగ్గా తెగదు గానీ చెమట పీల్చదు.

జంటపోగు కొనేముందు కట్టలో రెండు మూడు చోట్ల పోగు తీసి పై విధంగా పట్టి చూడండి. అదీ గట్టిగా మెలికపడితే పేనడంలో పురి కుదరలేదన్నమాట. దానిని పడుగుకు తీసుకోవద్దు.