యూఎస్‌బీ టు సీరియల్ కేబుల్ కొంటున్నారా? ముందు చిప్ పేరు అడగండి

పాత మెషీన్‌ని కొత్త ల్యాప్‌టాప్‌కి కలపడానికి ఈ కేబుల్ కొనబోతున్నవాళ్లు దయచేసి ఇది చదివాకే డబ్బు కట్టండి. "విండోస్ 11లో పెట్టగానే పనిచేస్తుంది" అని రాసి ఉంటే నమ్మి ఆన్‌లైన్‌లో తెప్పించాను. తీరా పెడితే డివైస్ మేనేజర్‌లో (విండోస్‌లో పరికరాల జాబితా ఉండే చోట) పసుపు త్రికోణం. కామ్ పోర్ట్ (సీరియల్ పోర్ట్) పేరు ఉండాల్సిన చోట, పీఎల్2303హెచ్ఎక్స్ఏ (కేబుల్ లోపలి చిప్ పేరు) 2012 నుంచే ఆగిపోయింది, అమ్మినవాళ్లని అడగండి అని ఇంగ్లిష్‌లో ఒక వాక్యం!

డ్రైవర్ దొరక్క వచ్చిన సమస్య కాదిది. ఆ పాత చిప్‌కి దాన్ని తయారుచేసిన ప్రొలిఫిక్ కంపెనీయే సపోర్ట్ ఆపేసింది. దానికి నకిలీలూ ఎక్కువే. కొత్త డ్రైవర్ ఆ చిప్‌ని గుర్తుపట్టి కావాలనే ఆపేస్తుంది కాబట్టి ఎన్నిసార్లు ఇన్‌స్టాల్ చేసినా అంతే. ఫిర్యాదు చేస్తే అమ్మినాయన ఏదో డౌన్‌లోడ్ లింకు పంపి, యాంటీవైరస్ ఆపేసి వేసుకోమన్నాడు. దయచేసి ఆ పని మాత్రం చేయకండి. డ్రైవర్‌కి సిస్టమ్ లోలోపలి దాకా అధికారం ఉంటుంది. ఊరూపేరూ లేని ఫైల్‌కి ఆ అధికారం ఇస్తే కేబుల్ ఖరీదుతో పోయేది కాదు.

నకిలీ అయినా ఇప్పటికి పనిచేస్తోందిగా అనుకోవద్దు. 2014లో విండోస్ అప్‌డేట్‌తో వచ్చిన ఎఫ్‌టీడీఐ అనే మరో చిప్ కంపెనీ డ్రైవర్, నకిలీ ఎఫ్‌టీ232 చిప్‌ల ప్రొడక్ట్ ఐడీని (కంప్యూటర్ చిప్‌ని గుర్తుపట్టే నంబరుని) సున్నా చేసేసింది. గొడవయ్యాక వెనక్కి తీసుకున్నారు గానీ, అప్పటిదాకా నడిచిన కేబుళ్లు ఒక్కసారిగా మూగబోయాయి.

పారలల్ పోర్ట్ (పాత ప్రింటర్లు తగిలించే వెడల్పాటి పోర్ట్) కావాల్సినవాళ్లు ఇంకా జాగ్రత్తగా ఉండాలి. యూఎస్‌బీ టు పారలల్ కేబుళ్లు దాదాపు అన్నీ ప్రింటర్ కోసమే. అసలైన ఎల్‌పీటీ (పారలల్) పోర్ట్ రాదు. ఆ పోర్ట్‌కి మామూలుగా ఉండే 378 హెక్స్ అడ్రస్‌తో నేరుగా మాట్లాడే పాత సీఎన్‌సీ (కంప్యూటర్‌తో నడిచే యంత్రాల) ప్రోగ్రాములు, సాఫ్ట్‌వేర్ డాంగిల్స్ (లైసెన్స్ కోసం పోర్ట్‌కి తగిలించేవి) వాటితో నడవవు, ఏ డ్రైవర్ వేసినా సరే. డెస్క్‌టాప్ అయితే లోపల బిగించే పీసీఐ ఎక్స్‌ప్రెస్ కార్డు నయం. కాకపోతే దానికి వేరే అడ్రస్ వస్తుంది. మీ ప్రోగ్రామ్‌లో అడ్రస్ మార్చుకునే వీలుందో లేదో చూసుకున్నాకే కొనండి.

చిప్ పేరు చెప్పనివాళ్ల దగ్గర కొనొద్దు. కేబుల్ రాగానే డివైస్ మేనేజర్‌లో ప్రాపర్టీస్, డీటెయిల్స్, హార్డ్‌వేర్ ఐడీస్ తెరవండి. వీఐడీ (తయారీ కంపెనీ నంబరు) 067బీ అంటే ప్రొలిఫిక్, 0403 అంటే ఎఫ్‌టీడీఐ, 1ఏ86 అంటే సీహెచ్340 చేసే డబ్ల్యూసీహెచ్. నకిలీలు కూడా ఇవే నంబర్లు చూపిస్తాయి కాబట్టి ఇది చూసి ఊరుకోకండి. డ్రైవర్ ఆ చిప్ కంపెనీ సైట్ నుంచే తెచ్చుకుని, మీ మెషీన్‌తో నిజంగా డేటా నడిపి చూడండి. తేడా వస్తే స్క్రీన్‌షాట్ తీసి, రిటర్న్ గడువు దాటకముందే వెనక్కి పంపేయండి.