తిరుమల రూమ్ బుకింగ్ పేరుతో వాట్సాప్‌లో ఏపీకే ఫైలు వస్తే ముట్టుకోకండి

తిరుపతిలో ఇల్లుంటే చాలు, చుట్టాల లెక్కలో మనం దేవస్థానం ఆఫీసర్లమే. "మూడొందల రూపాయల దర్శనం టికెట్లు ఏమైనా దొరుకుతాయా నాయనా, కొండమీద ఒక రూమ్ చూసిపెట్టు" అని శనివారం దగ్గరపడితే ఫోన్లు మొదలు. కాదనలేం. ఆ మొహమాటాన్నే వాడుకుంటూ ఇప్పుడు ఒక ఫైలు ఇక్కడి వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతోంది. మా బావకు దాంతో 48 వేలు పోయాయి. రూమో టికెట్టో తీసుకోబోయేవాళ్లు ఒకసారి ఇది చదవండి.

బావది దామలచెరువులో మామిడికాయల వ్యాపారం. బెంగళూరు పార్టీ ఒకాయన కుటుంబంతో దర్శనానికి వస్తున్నాడని రూమ్ కోసం వెతుకుతున్నాడు. అప్పుడే బాగా తెలిసిన మండీ ఆయన నంబర్ నుంచి "తిరుమల రూమ్ బుకింగ్" అని ఒక ఫైలు వచ్చింది. శ్రీవారి ఫోటో, కింద గోపురం బొమ్మ, పేరు చివర చిన్న అక్షరాల్లో డాట్ ఏపీకే, అంటే నొక్కితే ఫోన్‌లో యాప్‌ను ఎక్కించే ఫైలన్నమాట. పంపింది తెలిసినాయనే కదా అని నొక్కాడు. మండీ ఆయన ఫోన్ అంతకుముందే మోసగాళ్ల చేతుల్లోకి పోయిందని, ఫైలు దానంతటదే పోతోందని ఆయనకే తెలీదు.

ఇక్కడ కాస్త వివరంగా చెప్తాను. ఎందుకంటే ఫోన్ ఊరికే లొంగలేదు, అడుగడుగునా అడ్డుపడింది. వాట్సాప్ నుంచి వచ్చే తెలియని యాప్‌లు ఇన్‌స్టాల్ చేయడానికి అనుమతి లేదంది మొదట. సెట్టింగ్స్‌లో ఎక్కడ ఏది ఆన్ చేయాలో ఫైలుతోపాటే స్క్రీన్‌షాట్లు పంపారు. తర్వాత ఫోన్‌లో చెడ్డ యాప్‌లను పట్టే గూగుల్ ప్లే ప్రొటెక్ట్ ఇది హానికరమైన యాప్ అని ఆపింది. "కొత్త యాప్ కాబట్టి అలాగే వస్తుంది, ఇన్‌స్టాల్ ఎనీవే నొక్కండి" అని దానికీ జవాబు రెడీ. యాప్ తెరుచుకోగానే ఎస్సెమ్మెస్‌లు చదవడానికి, కాంటాక్టులు చూడడానికి, ఆఖరికి యాక్సెసిబిలిటీకి పర్మిషన్ అడిగింది. ఈ యాక్సెసిబిలిటీ చూపు సరిగా లేనివాళ్ల కోసం పెట్టిన సౌకర్యం. అది ఇస్తే యాప్ మన స్క్రీన్ మీద ఉన్నది చదవగలదు, మన బదులు బటన్లు కూడా నొక్కగలదు. మిగతా పర్మిషన్లన్నీ అదే "అలో" కొట్టేసుకుంటుంది. రూమ్ బుక్ చేసే యాప్‌కి మన ఎస్సెమ్మెస్‌లతో పనేంటబ్బా?

పేరు, ఆధార్, ఎంతమంది అని అడిగి, 10 రూపాయల రిజిస్ట్రేషన్ ఫీజు అంటూ కార్డు వివరాల పేజీ వచ్చింది. అన్నీ కొట్టాక "సర్వర్ బిజీ". కాసేపటికి ఐకాన్ కూడా మాయం. టికెట్లు విడుదలయ్యే రోజు సైటు ఎలా సతాయిస్తుందో తెలిసినవాళ్లెవరికీ దానిమీద అనుమానం రాదు లెండి. రాత్రికి డబ్బు రెండు విడతలుగా పోయింది. ఓటీపీలు వచ్చినవి వచ్చినట్టే అవతలివాడికి చేరాయి, బావ ఫోన్‌లో ఒక్కటీ కనబడలేదు. తెల్లారేసరికి అదే ఫైలు బావ నంబర్ నుంచి మా అక్కతో సహా అన్ని గ్రూపులకూ వెళ్లిపోయి ఉంది.

టికెట్లు, రూములు అధికారికంగా దొరికేది టీటీదేవస్థానమ్స్ డాట్ ఏపీ డాట్ గవ్ డాట్ ఇన్ సైటులో, ప్లే స్టోర్‌లో ఉన్న టీటీదేవస్థానమ్స్ యాప్‌లో. 300 రూపాయల టికెట్ల కోటా నెలల ముందే వదులుతారు కాబట్టి "రేపటికి ఇప్పిస్తాం" అన్నాడంటేనే అనుమానించాలి. అప్పటికప్పుడు వచ్చినవాళ్లకు సర్వదర్శనం టోకెన్లు ఇక్కడ విష్ణు నివాసం, శ్రీనివాసం, భూదేవి కాంప్లెక్సుల్లో ఉచితంగానే ఇస్తారు. రూమ్ కావాలంటే కొండమీద గదులిచ్చే సీఆర్వో (సెంట్రల్ రిసెప్షన్) ఆఫీసులో ఆధార్ చూపించి అడగొచ్చు. ఇందులో దేనికీ ఏపీకే ఫైలుతో పనిలేదు. ట్రాఫిక్ చలానా, పీఎం కిసాన్, బ్యాంకు కేవైసీ, పెళ్లి పత్రిక అనే పేర్లతో వచ్చేవీ ఇదే బాపతు.

ఒకవేళ ఇంట్లో ఎవరైనా ఇప్పటికే ఇన్‌స్టాల్ చేసి ఉంటే ముందు ఆ ఫోన్‌లో డేటా, వైఫై ఆపేసి సిమ్ బయటికి తీయండి. ఇంకో ఫోన్ నుంచి సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి, ఆ వెంటనే బ్యాంకుకి చేయండి. పాస్‌వర్డ్‌లు, పిన్‌లు మార్చేది కూడా ఇంకో ఫోన్‌లోనే, యాప్ ఎక్కిన ఫోన్‌లో మారిస్తే కొత్తవీ మోసగాడికే తెలుస్తాయి. కంగారులో వచ్చిన మెసేజ్, ఫైలు డిలీట్ చేయకండి, కంప్లయింట్‌కు అవే ఆధారం. అన్‌ఇన్‌స్టాల్ బటన్ పనిచేయకపోతే సెట్టింగ్స్‌లో డివైస్ అడ్మిన్ యాప్స్‌లో దాని టిక్కు తీసేసి ప్రయత్నించండి, లేదా బయటి యాప్‌లు నడవకుండా ఫోన్ ఆన్ చేసే సేఫ్ మోడ్‌లో తీయండి. స్క్రీన్‌షాట్లు వేరేచోట దాచుకున్నాక ఫ్యాక్టరీ రీసెట్ చేస్తే ఇంకా మంచిది. వాట్సాప్‌లో లింక్డ్ డివైసెస్ చూసి, మీవి కానివి తీసేయండి. ఎవరెవరికి ఫైలు వెళ్లిందో వాళ్లకు ఫోన్ చేసి చెప్పండి, వాట్సాప్‌లో పెడితే ఈసారి మీ మాటే ఎవరూ నమ్మరు.

ఫోన్ చేయడంలో ఆలస్యం పనికిరాదని చెప్పడానికి ఇంకో కారణం ఉంది. 2017లో రిజర్వు బ్యాంకు ఇచ్చిన ఉత్తర్వుల ప్రకారం, కస్టమర్ అజాగ్రత్త వల్ల పోయిన డబ్బుకు బ్యాంకుకు చెప్పేదాకా నష్టం కస్టమర్‌దే, చెప్పిన తర్వాత పోయేదానికి బ్యాంకుది బాధ్యత. బావ 1930కి చేసేసరికి మధ్యాహ్నమైంది. అవతలి ఖాతాలో మిగిలిన 9 వేలు మాత్రం ఆపగలిగారు, మిగతాది అప్పటికే డ్రా అయిపోయింది. ఆ 9 వేలైనా ఎప్పుడు చేతికొస్తాయో బ్యాంకువాళ్లు చెప్పలేదు. ఏదైనా తేలితే ఇక్కడే రాస్తాను.