యాన్ డెక్లీర్ సినిమాలు ఏళ్ల తరబడి చూశాక

‘కరాక్టర్’ సినిమా మొదట్లోనే కొడుకు తండ్రి ఆఫీసులోకి దూసుకొచ్చి బల్ల మీద కత్తి దించుతాడు. ఇవాళ లాయర్నయ్యాను, ఇక నీకూ నాకూ సంబంధం లేదంటాడు. తండ్రి అభినందించడానికి చెయ్యి చాపితే అందుకోడు. 1920ల రోటర్‌డామ్‌లో బీదవాళ్లను ఇళ్లలోంచి నిర్దాక్షిణ్యంగా ఖాళీ చేయించే కోర్టు అమీనా డ్రెవర్‌హావెన్ ఆ తండ్రి. ఆ పాత్ర వేసింది బెల్జియంలోని ఫ్లెమిష్ (అంటే డచ్ మాట్లాడే ప్రాంతపు) నటుడు యాన్ డెక్లీర్. చాపిన ఆ చేతిలో పగ ఉందో, ప్రేమ ఉందో నేను ఎన్నిసార్లు చూసినా తేల్చుకోలేకపోయాను. ఆయన మొహం ఆ సంగతి బయటపెట్టదు. 1997లో వచ్చిన ఈ డచ్ సినిమాకు ఆ మరుసటి ఏడాది ఉత్తమ విదేశీ చిత్రంగా ఆస్కార్ వచ్చింది.

చాలా ఏళ్లుగా ఆయన సినిమాలు వెతికి మరీ చూస్తున్నాను. ఆయన 1946లో ఆంట్వెర్ప్ దగ్గరి నీల్‌లో పుట్టారు. ఆంట్వెర్ప్‌లోని స్టూడియో హెర్మన్ టైర్‌లింక్‌లో నటన నేర్చుకున్నారు. మనిషి భారీగా ఉంటారు, గొంతు కూడా అంతే. కానీ ఆయన బలమంతా అరవకుండా ఉండటంలోనే ఉందని నా అభిప్రాయం.

1992లో వచ్చిన ‘దాన్స్’లో ఆయన 1890ల నాటి నిజమైన పాద్రీ అడాల్ఫ్ దాన్స్‌గా కనిపిస్తారు. ఆల్స్ట్ పట్నం బట్టల మిల్లుల్లో పసిపిల్లల చేత కూడా గొడ్డు చాకిరీ చేయిస్తుంటే ఎదురు తిరిగి, పార్లమెంటు దాకా వెళ్లిన పాద్రీ ఆయన. ఆ సినిమా ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. మంచీ చెడూ మరీ గీత గీసినట్టు విడిపోవడం నాకు నచ్చలేదు. మిల్లు యజమానుల పాత్రలు పలచగా ఉన్నాయి. అయినా చర్చికీ జనానికీ మధ్య నలిగిపోయే ఆ పాద్రీ కోసం మళ్లీ చూస్తాను.

అదే ఏడాది ఆయన టీవీలో ‘దాహ్ సింటర్‌క్లాస్’ అనే పిల్లల సీరియల్ కూడా చేశారు. డిసెంబర్ మొదట్లో పిల్లలకు కానుకలు తెచ్చే సింటర్‌క్లాస్‌గా తెల్లగడ్డంతో కూర్చుని, టీవీ వ్యాఖ్యాత బార్ట్ పీటర్స్ అడిగే ప్రశ్నలకు ఓపిగ్గా జవాబులు చెబుతారు. ఒక తరం ఫ్లెమిష్ పిల్లలకు సింటర్‌క్లాస్ అంటే ఆయనే. కొన్ని ఎపిసోడ్లు చూసి వెంటనే ‘కరాక్టర్’ పెట్టుకోండి, అదే మనిషి అంటే నమ్మబుద్ధి కాదు.

1971 నాటి ‘మిరా’లో డచ్ నటి విల్లెకె వాన్ అమ్మెల్‌రోయ్ పక్కన కుర్రాడిగా నటించారు. మళ్లీ 1995లో ‘ఆంటోనియా’లో అదే జంట. ఇందులో ఆయన బాస్ అనే పేరున్న రైతు. నా అయిదుగురు కొడుకులకు తల్లి కావాలి, పెళ్లి చేసుకుందామా అని అడుగుతాడు. నీ కొడుకులు నాకెందుకు అంటుంది ఆంటోనియా. బాస్ ఆ మాటకు చిన్నబుచ్చుకోడు. చిన్న పాత్రే, కానీ ఎంత హాయిగా ఉంటుందో!

అన్నిటికన్నా నాకిష్టమైంది మాత్రం 2003లో ఎరిక్ వాన్ లోయ్ తీసిన ‘డె జాక్ ఆల్జైమర్’. ఇందులో డెక్లీర్ అల్జీమర్స్ అనే మతిమరుపు జబ్బు మొదలైన కిరాయి హంతకుడు ఆంజెలో లెడ్డా. చిన్నపిల్లను చంపమంటే ఒప్పుకోడు, పని అప్పజెప్పినవాళ్ల మీదే తిరగబడతాడు. గుర్తుండదన్న భయంతో విషయాలు చేతి మీద రాసుకుంటాడు. జబ్బును చూపించడానికి చేతులు వణికించడం, వెర్రిచూపులు చూడటం లాంటివేం చేయరు డెక్లీర్. ఒక్క క్షణం ఎక్కడున్నాడో తెలియక ఆగిపోతాడు లెడ్డా, ఆ ఆగడంలోనే మనకు టెన్షన్ మొదలవుతుంది. రాజకీయ కుట్ర కథ మాత్రం కొంచెం గజిబిజిగా ఉంటుంది.

కొత్తగా మొదలుపెట్టేవాళ్లు దీంతోనే మొదలుపెట్టండి, డబ్బింగ్ కాకుండా సబ్‌టైటిల్స్‌తో చూడండి. 2022లో లియామ్ నీసన్‌తో ‘మెమరీ’ పేరుతో దీన్నే హాలీవుడ్ మళ్లీ తీసింది. అది ముందు చూస్తే మలుపులన్నీ తెలిసిపోతాయి కాబట్టి దాన్ని తర్వాతకు ఉంచుకోండి.